హైకోర్టు ఆర్డర్ ఇచ్చినా "మా పరిధి కాదు" అంటున్న తహసీల్దార్: కంటెంప్ట్ వేయొచ్చా?

కళ్లంగట్టు:
ఆంధ్రప్రదేశ్‌లో ఒక గ్రామ పంచాయతీ. కళ్లం పోరంబోకులో (పంట నూర్చుకోవడానికి వదిలిన ప్రభుత్వ భూమి) కొంత ఆక్రమించి రేకుల షెడ్డు వేశారు. రిట్ వేస్తే, మా అర్జీని పరిశీలించి చట్టప్రకారం 8 వారాల్లో తగిన ఉత్తర్వులివ్వాలని హైకోర్టు తహసీల్దార్‌ని ఆదేశించింది. గడువులోపే తహసీల్దార్ నుంచి ఎండార్స్‌మెంట్ (రాతపూర్వక జవాబు) వచ్చింది: "సదరు భూమి గ్రామ పంచాయతీకి దఖలు పడినది, కార్యదర్శిని సంప్రదించవలెను." కార్యదర్శేమో రెవెన్యూ వాళ్లనే అడగమంటున్నారు. ఇది కోర్టు ధిక్కారం అవుతుందా?

బార్‌రూమ్_బల్ల:
ఆర్డర్ చివరి పేరా ఇంకోసారి చదవండి. "పరిశీలించి ఉత్తర్వులివ్వండి" అన్నారు తప్ప "ఆక్రమణ తొలగించండి" అనలేదు. గడువులో జవాబిచ్చారు కాబట్టి, ఆ జవాబు ఎంత తప్పుడుదైనా కంటెంప్ట్ నిలవడం కష్టం. 1971 కోర్టు ధిక్కార (కంటెంప్ట్) చట్టం సెక్షన్ 2(బి) ప్రకారం ఉద్దేశపూర్వకంగా ధిక్కరించినట్టు చూపాలి. ఆ ఎండార్స్‌మెంట్‌ని సవాలు చేస్తూ కొత్త రిట్ వేయడమే దారి.

అదే "తొలగించండి" అని ఉండుంటే కథ వేరు. అప్పుడు "నా పరిధి కాదు" అని ఆఫీసులో కూర్చుని తేల్చుకోవడం కుదరదు. అభ్యంతరం ఉంటే రివ్యూకో అప్పీలుకో వెళ్లాలి. స్టే లేనంతవరకూ ఆర్డర్ ఆర్డరే.

ఎఫ్ఎంబి_గీతలు:
పరిధి సంగతి. 1994 పంచాయతీరాజ్ చట్టం సెక్షన్ 58 కింద మేత బీళ్లు, కళ్లాలు, శ్మశానాలు, బండి దారులు, తోపులు లాంటి పోరంబోకులు పంచాయతీకి దఖలు పడతాయి, ప్రభుత్వం నోటిఫికేషన్‌తో మినహాయిస్తే తప్ప. కాబట్టి తహసీల్దార్ మాటలో సగం నిజం ఉంది. కానీ కొలిచి హద్దు రాళ్లు వేయాల్సింది మండల సర్వేయరే. 1905 భూ ఆక్రమణ చట్టం కింద సెక్షన్ 7 నోటీసు, సెక్షన్ 6 తొలగింపు ఉత్తర్వు ఇవ్వాల్సిందీ రెవెన్యూ వాళ్లే. కార్యదర్శీ తప్పించుకోలేరు: పంచాయతీ ఆస్తుల రక్షణకు 2011లో జీవో 188తో వచ్చిన నియమాలున్నాయి.

అందుకే కొత్త రిట్‌లో కలెక్టర్, ఆర్డీవో, తహసీల్దార్, కార్యదర్శి, అందరినీ ప్రతివాదులుగా పెట్టండి. ఆర్‌ఎస్‌ఆర్ (భూమి ఏ రకమో చూపే రెవెన్యూ రిజిస్టర్) నకలు, ఎఫ్ఎంబి (సర్వే కొలతల పటం) జతచేసి, సర్వే చేసి ఇన్ని వారాల్లో తొలగించాలని స్పష్టంగా అడగండి. ముఖ్యంగా షెడ్డు వేసినాయన్ని వదలొద్దు. వదిలితే "నన్ను వినకుండానే ఆర్డర్ ఇచ్చారు" అని వేరే రిట్‌లో స్టేటస్‌కో (ఉన్నది ఉన్నట్టే ఉంచాలన్న ఉత్తర్వు) తెచ్చుకుంటాడు, అధికారులు దాన్ని చూపించి హాయిగా కూర్చుంటారు. చాలా కేసులు చెడేది ఇక్కడే.

బార్‌రూమ్_బల్ల:
రేపు గట్టి ఆర్డర్ వచ్చాక: సర్టిఫైడ్ కాపీని కవరింగ్ లెటర్‌తో తపాల్ సెక్షన్‌లో (ఆఫీసులో ఉత్తరాలు తీసుకునే చోట) ఇచ్చి, మీ ప్రతి మీద తేదీతో స్టాంపు వేయించుకోండి. పోస్టులోనూ అక్నాలెడ్జ్‌మెంట్‌తో పంపండి. "మాకు కాపీ అందలేదు" అనేదే వాళ్ల మొదటి జవాబు. గడువు దాటిన రోజు నుంచి ఏడాదిలోపు కంటెంప్ట్ కేసు దాఖలు చేయాలి (సెక్షన్ 20). మధ్యలో ఎన్ని రిమైండర్లు రాసినా ఆ ఏడాది పెరగదు. శిక్ష గరిష్ఠంగా 6 నెలల సాధారణ జైలు, లేదా 2,000 రూపాయల జరిమానా, లేదా రెండూ. మనస్ఫూర్తిగా క్షమాపణ చెబితే వదిలేయొచ్చు కూడా. నిజానికి జైలు దాకా వెళ్లేవి తక్కువ. వ్యక్తిగతంగా హాజరు కమ్మని నోటీసు రాగానే జేసీబీ బయల్దేరుతుంది.

నోటీసుబోర్డు:
తక్కువే గానీ లేవని కాదు. బడుల ఆవరణలో సచివాలయాలు, రైతు భరోసా కేంద్రాలు కట్టొద్దన్న ఆర్డర్ అమలు చేయనందుకు 2022 మార్చిలో ఏపీ హైకోర్టు 8 మంది ఐఏఎస్‌లకు రెండు వారాల జైలు వేసింది. క్షమాపణ చెప్పాక దాన్ని సంక్షేమ హాస్టళ్లలో సేవగా మార్చింది. గుంటూరులో కోర్టు వద్దన్నా గుడిసెలు కూల్చిన తహసీల్దార్, కేసు తేలేసరికి డిప్యూటీ కలెక్టర్ అయ్యారు. 2025 మేలో సుప్రీంకోర్టు ఆయన్ని మళ్లీ తహసీల్దార్‌గా దించి లక్ష జరిమానా వేసింది.

కళ్లంగట్టు:
అర్థమైందండీ. గట్టి ఆర్డర్ వచ్చాక ఈ తహసీల్దార్ బదిలీ అయిపోతే?

బార్‌రూమ్_బల్ల:
కంటెంప్ట్ కుర్చీ మీద కాదు, మనిషి మీద. పేరుతో సహా చేర్చాలి. గడువు నడిచినప్పుడు ఆ సీట్లో ఉన్నవాళ్లు జవాబుదారీ. కొత్తాయన రాగానే ఆర్డర్ కాపీ ఆయనకూ విడిగా అందజేయండి, లేకపోతే "నాకు తెలియదు" అంటారు.