ఓడమీద ఆడ దొంగలు: ఆ పాత మూకీ కామెడీలో ఎందుకంత స్పీడు?

మెహదీపట్నం మనిషి:
ఆదివారం పిల్లలకి ఫోన్‌లో పాత మూకీ ఒకటి పెట్టాను, మొదట్లో టైటిల్ ముక్కే లేదు. గుండ్రటి కళ్లజోడు కుర్రాడు పెళ్లికి ముందు పార్టీ చేసుకుని తందనాలాడతాడు, కాబోయే అత్తగారు మండిపడి కూతుర్ని తీసుకుని ఓడెక్కేస్తుంది, వీడూ వెనకాలే. కాసేపటికి చూస్తే ఓడ నిండా కత్తులు పట్టుకున్న ఆడ దొంగలు! పేరేంటో చెప్పండి. ఇంకో డౌటు: వాళ్లు నిజంగా అంత స్పీడుగా పరిగెత్తారా, ఎవరైనా వీడియోని ఫాస్ట్ చేశారా? వేరే చోట ఇదే సినిమా నాలుగైదు నిమిషాలు ఎక్కువుంది.

పాతరీలు:
ఆ కళ్లజోడు కుర్రాడు హెరాల్డ్ లాయిడ్, సినిమా 'కెప్టెన్ కిడ్స్ కిడ్స్', 1919. టైపు తప్పు కాదండోయ్, మొదటి కిడ్ 1701లో లండన్‌లో ఉరితీసిన సముద్రదొంగ పేరు. హీరోయిన్ బెబె డేనియల్స్, లాయిడ్ పక్కన ఆవిడకిదే చివరిది. ఈసారి ఆయన కుడిచెయ్యి గమనించండి, ఐదు వేళ్లూ ఉంటాయి. అదే ఏడాది ఆగస్టులో ఫొటో కోసం పట్టుకున్న డమ్మీ బాంబు నిజంగానే పేలి బొటనవేలు, చూపుడువేలు పోయాయి. ఆ ప్రమాదం తర్వాత తీసినవన్నీ చేతికి తొడుగుతోనే.

ఆపరేటర్ కొడుకు:
మా నాన్న ఆర్టీసీ క్రాస్‌రోడ్స్‌లో ఒక సినిమా హాల్లో ప్రొజెక్టర్ ఆపరేటర్, ఈ లెక్క ఆయన దగ్గర విన్నదే. 35 ఎంఎం ఫిల్ములో అడుగుకి 16 ఫ్రేములు (విడి ఫొటోలు), రీలు వెయ్యి అడుగులు, మీది రెండు రీళ్ల బొమ్మ, అంటే నిండా ఉంటే 32 వేల ఫ్రేములు. సెకనుకి 24 చొప్పున తోలితే 22 నిమిషాల్లో అయిపోతుంది, 18 చొప్పున అయితే అరగంట. అప్పట్లో కెమెరా చేత్తో తిప్పేవాళ్లు కాబట్టి ఒక లెక్కంటూ లేదు, 24 ఖాయమైంది టాకీలొచ్చాక సౌండు కోసం. రెండు వీడియోలకీ తేడా అక్కడే వచ్చుంటుంది.

చార్మినార్ చాయ్:
అన్నా, తప్పంతా మెషీన్ మీద తోసేయకు. కామెడీల్లో కావాలనే కెమెరా నిదానంగా తిప్పేవాళ్లు, సెకనుకి తక్కువ ఫ్రేములు పడి తెరమీద వేగం పెరగాలని. మామూలు నడకలా కనిపించేదాకా తగ్గించావంటే నవ్వు చచ్చిపోతుంది.

మెహదీపట్నం మనిషి:
థాంక్సండీ, 0.75 స్పీడులో పెట్టి చూశాను, లెక్క ప్రకారం సరిగ్గా 18కి వస్తుంది కదా. మనుషులు మనుషుల్లా ఉన్నారు గానీ వెనక పియానో నీరసంగా సాగింది. మ్యూట్ చేశాను. ఐదు నిమిషాలకే మా చిన్నోడు ఫోన్ లాక్కుని మళ్లీ స్పీడు పెంచేశాడు.