అశ్వగంధ వేరులో ‘బూడిద ఎక్కువ’ అని సరుకు తిప్పి పంపారు. ఈ లెక్క ఎవరిది?

ప్రశ్న (ఎర్రనేల రైతు):
మాది అనంతపురం జిల్లా. రెండెకరాల్లో అశ్వగంధ వేశాం. నమూనా పరీక్ష చేయించిన కొనుగోలుదారు ‘మొత్తం బూడిద 9.4 శాతం, ఫార్మకోపియా ప్రకారం చెల్లదు’ అన్నారు. వేరు విరిస్తే లోపల తెల్లగా ఉంది, కల్తీ ఏమీ లేదు. బూడిదకూ నాణ్యతకూ సంబంధం ఏమిటి? ఇది నిజంగా ప్రభుత్వ నియమమా, ధర తగ్గించడానికి చెప్పే సాకా?

జవాబు (మూలికల పరీక్షకురాలు):
నియమం ప్రభుత్వానిదేనండీ. భారత ఆయుర్వేద ఫార్మకోపియాలో, అంటే మందుల నాణ్యతా ప్రమాణాలు చెప్పే అధికారిక గ్రంథంలో, అశ్వగంధ వేరుకు మొత్తం బూడిద 7 శాతం, వేరు కాని ఇతర పదార్థాలు 2 శాతం మించకూడదని ఉంది.

ఈ పరీక్ష నేను ల్యాబ్‌లో రోజూ చేస్తాను. వేరు పొడిని నలుపు పూర్తిగా పోయేదాకా కాలుస్తాం. మొక్కలోని ఖనిజాలతో పాటు వేరుకు అంటిన మట్టి కూడా బూడిదలో మిగులుతుంది. ఏది ఎంతో తేల్చడానికి ఆ బూడిదను సజల హైడ్రోక్లోరిక్ ఆమ్లంలో ఐదు నిమిషాలు మరిగించి వడపోస్తాం. ఖనిజాలు చాలావరకు కరిగిపోతాయి, కాగితం మీద మిగిలేది దాదాపు అంతా ఇసుకే. మీ రిపోర్టులో ‘ఆమ్లంలో కరగని బూడిద’ ఎంతుందో చూడండి. దాని పరిమితి ఇంకా చాలా తక్కువ.

జవాబు (ఆయుర్వేద వైద్యుడు):
బూడిద సరిపోతే చాలదు. సీసం 10, ఆర్సెనిక్ 3, పాదరసం 1, కాడ్మియం 0.3 పీపీఎం (పది లక్షల భాగాల్లో ఇన్ని భాగాలు) దాటకూడదు. అందుకే మురుగునీరు పారే మడిలో మూలికలు పెంచవద్దని చెబుతూ ఉంటాను. ఆకు కలిపిన పొడి అంటే నాకు మరీ కోపం. ఆకులో విథాఫెరిన్-ఎ అనే రసాయనం ఎక్కువ, వేరు గుణం దానికి రాదు. ఆకు వాడవద్దని ఆయుష్ మంత్రిత్వ శాఖ 2021లోనే తయారీదారులకు సూచించింది. రోగి మింగేది మనల్ని నమ్మి కదా!

ఎర్రనేల రైతు:
చూశానండీ, కరగని బూడిద 3.6 అని ఉంది. మిగతా సరుకు గోనె సంచుల్లో ఉంది. ఇప్పుడు కడగవచ్చా?

మూలికల పరీక్షకురాలు:
అయితే అది మీ పొలం మట్టే. ఎండిన వేరును మాత్రం నానబెట్టకండి, సారం నీళ్లలోకి పోతుంది, పైగా బూజు పడుతుంది. పీచు వేళ్లు తీసేయండి, మట్టి పట్టుకునేది వాటిలోనే. మిగిలినవాటిని గరుకు గోనె మీద రుద్ది జల్లెడ పట్టండి. కొత్త నమూనాను ప్రతి సంచి పైనుంచీ, మధ్యనుంచీ, అడుగునుంచీ తీసి కలపండి. రాలిన మన్నంతా అడుగుకు చేరుతుంది కాబట్టి ఒక్కచోట తీస్తే లెక్క తప్పుతుంది. వచ్చే పంటకు తవ్విన రోజే, మన్ను తడిగా ఉండగానే కడిగి టార్పాలిన్ మీద ఆరబెట్టండి.