శాతవాహనుల నాణేల మీద పరిశోధన: ఎక్కడ మొదలుపెట్టాలి?

ప్రశ్న: ఎం.ఏ. చరిత్ర అయిపోయింది. శాతవాహనుల నాణేల మీద పీహెచ్‌డీ చేయాలని ఉంది. ఏం నేర్చుకుని దిగాలి? తర్వాత ఉద్యోగాలు ఎలా ఉంటాయి?

జవాబు 1: బ్రాహ్మీ లిపి తడుముకోకుండా చదవడం రావాలండి, దాంతోపాటు ప్రాకృతం. చాలా నాణేల మీద అచ్చు కంటే లోహపు బిళ్ల చిన్నది, రాతలో సగం బయటికి పోతుంది. 'గోతమిపుతస' (గౌతమీపుత్రుడి) వరకే కనబడితే గౌతమీపుత్ర శాతకర్ణిదని రాసేస్తారు. తర్వాతి శాతవాహన రాజు యజ్ఞశ్రీ శాతకర్ణి కూడా గౌతమీపుత్రుడే! 'యఞ' అన్న అక్షరాలు బిళ్ల మీద పడకపోతే పొరబడటం ఖాయం. ఒకే అచ్చుతో కొట్టిన నాణేలు వెతికి పక్కపక్కన పెట్టండి, ఒకదాంట్లో తెగిన అక్షరం మరోదాంట్లో దొరుకుతుంది. కంటికి కనబడినదీ మీరు పూరించినదీ విడివిడిగా రాయాలి. రెండూ కలిపేసిన కేటలాగు ఎవరికీ పనికిరాదు.

జవాబు 2: ప్రతి నాణేనికీ ఒక కార్డు పెట్టండి. లోహం, 0.01 గ్రాము వరకు బరువు, మిల్లీమీటర్లలో వ్యాసం, దొరికిన చోటు, రెండువైపులా ఫొటో. బొమ్మను నిటారుగా పట్టుకుని పక్కకు తిప్పితే బొరుసు తల గడియారంలో ఏ అంకె వైపు ఉందో కూడా రాయాలి. ఫొటోకి లైటు ఒక పక్కనుంచి వాలుగా పడాలి, ఎదురుగా పడితే అరిగిన అక్షరాలు మాయమవుతాయి.

శాతవాహనుల నాణేల్లో సీసానివి చాలా ఎక్కువ. దయచేసి చింతపండు, నిమ్మరసం వాటి దగ్గరికి రానీయకండి. చెక్క సొరుగుల్లో, అట్టపెట్టెల్లో కూడా పెట్టొద్దు. వాటి నుంచి వచ్చే ఆమ్లపు ఆవిరికే సీసం తెల్లటి పొడిగా మారి రాత రాలిపోతుంది. గ్లవ్స్ తప్పనిసరి, సీసం విషం.

జవాబు 3: 'దొరికిన చోటు' అన్నది అన్నిటికంటే ముఖ్యం. నాసిక్ జిల్లా జోగల్‌తెంబిలో 1906లో శాతవాహనుల ప్రత్యర్థి, క్షత్రప రాజు నహపానుడి వెండి నాణేలు 13 వేలకు పైగా ఒకేచోట బయటపడ్డాయి. వాటిలో మూడింట రెండు వంతుల మీద గౌతమీపుత్ర శాతకర్ణి తన ముద్ర కొట్టించాడు. ఆ రాశి చెదిరిపోయి ఉంటే ఈ లెక్క మనకు దక్కేదే కాదు. కాబట్టి బజారులో కొన్న నాణేలతో థీసిస్ కట్టకండి. పది రూపాయల విలువ దాటిన నిధి దొరికితే 1878 చట్టం ప్రకారం కలెక్టరుకు తెలపాలి కూడా. తెలంగాణలోని పెద్దబంకూరు తవ్వకాల్లోనే వేల నాణేలు దొరికాయి, పని చేయడానికి సరుకు బోలెడంత.

ఇక ఉద్యోగాలు. నాణేల నిపుణుడు కావాలంటూ పడే నోటిఫికేషన్లు చాలా తక్కువ. చరిత్రలోనో ఆర్కియాలజీలోనో యూజీసీ నెట్ పరీక్ష రాసి జేఆర్ఎఫ్ (పరిశోధన ఫెలోషిప్) తెచ్చుకుంటే పరిశోధన కాలం గడుస్తుంది. తర్వాత అధ్యాపక పోస్టులు, మ్యూజియాలు, పురావస్తు శాఖ. శిక్షణకు నాసిక్ దగ్గర అంజనేరిలో నాణేల పరిశోధన సంస్థ ఉంది. ఒక్క జాగ్రత్త: టాపిక్ రిజిస్టర్ చేయకముందే మ్యూజియం నుంచి రాతపూర్వక అనుమతి తీసుకోండి, అందులో తూకానికి, ఫొటోలకు, ప్రచురణకు విడివిడిగా అడగండి.