గుంటూరు–బాపట్ల రోడ్డు: ఊళ్లలో వెడల్పు చేయాలా, బైపాస్‌లు వేయాలా?

రోజూబాపట్ల
పదకొండేళ్లుగా గుంటూరు నుంచి బాపట్లకి ఉద్యోగానికి పోయొస్తున్నా. బుడంపాడు, నారాకోడూరు, చేబ్రోలు, పొన్నూరు, అప్పికట్ల, బాపట్ల. యాభై కిలోమీటర్లు కూడా ఉండదేమో, గంటన్నర పడుతుంది. ఆ చివర 16వ నంబరు జాతీయ రహదారి, ఈ చివర 216, మధ్యలో మాత్రం ఊరి సందులాంటి ఈ స్టేట్ హైవే. మొన్న చేబ్రోలులో ధాన్యం లారీ, పల్లెవెలుగు బస్సు ఎదురెదురుగా ఇరుక్కుంటే కండక్టర్ దిగి, కొట్టు ముందు రేకుని చేత్తో పైకెత్తి పట్టుకుని, నోట్లో విజిల్‌తో బస్సుని అంగుళం అంగుళం జరిపించాడు. ఇరవై నిమిషాలు. ఆదివారమైతే సూర్యలంక బీచ్‌కి పోయే కార్లు అదనం, కార్తీకమాసంలో ఇక చెప్పక్కర్లేదు. నా ప్రశ్న సూటిగా: నాలుగు లైన్లు కావాలంటే ఊళ్లలో ఇళ్లు కొట్టేయాలా, ప్రతి ఊరికీ బైపాస్ వేయాలా? నా ఓటు బైపాస్‌కే. ఇల్లు కూల్చడం కంటే పొలంలో రోడ్డు వేయడం తేలిక.

సెంటర్_టిఫిన్
తేలిక ఎవరికండీ? మాది రోడ్డు పక్క హోటల్. బైపాస్ వేస్తే బస్సులు, కార్లు బయటినుంచే పోతాయి, మా పెనం చల్లారిపోతుంది. అలాగని వెడల్పు చేయమనీ అనలేను. ఎప్పుడో ఎవరో వచ్చి టేపు పట్టి మా గోడ మీద ఎర్ర రంగుతో గీత గీసి పోయారు. ఆ గీత మా గల్లాపెట్టె వెనకాల పడింది, అంటే పొయ్యి, బల్లలు, గల్లా అన్నీ రోడ్డులోకే. మళ్లీ ఎవరూ రాలేదు. మా నాన్న ప్రతి దసరాకీ సున్నం వేయిస్తాడు గానీ ఆ గీత మీద మాత్రం వేయనివ్వడు, చెరిపితే కేసు పెడతారని భయం. రెండిట్లో ఏదో ఒకటి తేల్చేస్తే చాలనిపిస్తోంది, ఈ టెన్షన్‌లో కొట్టు బాగు చేయించుకోలేం, అమ్ముకోనూలేం.

రోజూబాపట్ల
మీ బాధ అర్థమైంది. కానీ బైపాస్ పడిన ఊళ్లేవీ చచ్చిపోలేదు కదా, ఊరి జనం ఊళ్లోనే తింటారు.

సెంటర్_టిఫిన్
ఊరి జనం అప్పు పెడతారు సార్. డబ్బులిచ్చేది బస్సు దిగినోళ్లే.

పాతదారి
మధ్యలో దూరుతున్నందుకు ఏమనుకోకండి. ఈ రోడ్డు ఇంత ఇరుకుగా ఎందుకు మిగిలిందో ఎవరూ అడగట్లేదు. 1855లో బెజవాడ ఆనకట్ట పూర్తయ్యాక డెల్టాలో బరువంతా మోసింది కాలువలే. దుగ్గిరాల నుంచి పెదగంజాం పోయే కొమ్మమూరు కాలువ అక్కడ బకింగ్‌హాం కాలువలో కలుస్తుంది కాబట్టి సరుకు పడవ మీద మద్రాసు దాకా పోయేది. 1899లో మద్రాసు రైలు మార్గం వచ్చింది, అది తెనాలి, నిడుబ్రోలు, బాపట్ల మీదుగా పోతుంది. పొన్నూరుకి నిడుబ్రోలే స్టేషను. బరువులు నీళ్ల మీద, పట్టాల మీద పోతుంటే రోడ్డుకి మిగిలింది మనుషులు, ఎడ్లబండ్లు. అందుకే ఊరి నడిబొడ్డు నుంచి గుళ్లనీ చెరువులనీ చుట్టుకుంటూ పోతుంది. పడవలు పోయి, సరుకంతా లారీ ఎక్కాక అదే బండిబాట నెత్తిన మొత్తం భారం పడింది.

ఇంకో మాట. చేబ్రోలులో వెడల్పు అంటే జేసీబీ పెట్టి లాగేసే పని కాదు. భీమేశ్వరాలయం దగ్గర దొరికిన శాతవాహన రాజు విజయుడి శాసనం క్రీ.శ. 207 నాటిది, దక్షిణాదిన ఇప్పటిదాకా దొరికిన సంస్కృత శాసనాల్లో అదే పాతదని పురావస్తు శాఖ వాళ్లు 2019లో చెప్పారు. సప్తమాతృకల ప్రస్తావన ఉంది అందులో. కాకతీయ గణపతిదేవుడి గజసాహిణి, అంటే ఏనుగుల దళానికి అధిపతి, జాయప ఏలిన ఊరది. చెరువు మధ్య చతుర్ముఖ బ్రహ్మ గుడి అమరావతి జమీందారు వాసిరెడ్డి వెంకటాద్రి నాయుడు కట్టించింది. అలాంటి చోట కాలువ తవ్వినా మనిషిని నిలబెట్టి చూసుకుంటూ తవ్వాలి. కాబట్టి నేనూ బైపాసే అంటా, కనీసం చేబ్రోలుకైనా.

మాగాణి_మనిషి
అందరూ బైపాస్ బైపాస్ అంటున్నారు, అది పడేది నా నెత్తిన కాబట్టి నేనూ మాట్లాడతా. మాది పొన్నూరు కింద మాగాణి. హైవేకి ఖాళీ నేలలో మామూలుగా 45 మీటర్ల వెడల్పు కావాలని రోడ్డు లెక్కలు. కిలోమీటరుకి 11 ఎకరాల పైచిలుకు. ఊరికి నాలుగు కిలోమీటర్ల బైపాస్ అనుకోండి, 44 ఎకరాలు, అదీ ఏటవాలుగా కోసుకుంటూ పోతుంది. రెండెకరాల చెక్క మధ్యనుంచి పోతే అటు మూల ముప్పై సెంట్లు, ఇటు మూల నలభై సెంట్లు. ట్రాక్టర్ తిరగదు, బోదె నీళ్లు ఒకవైపే ఉంటాయి. 2013 భూసేకరణ చట్టంలో పల్లెల్లో మార్కెట్ విలువని రెండింతల దాకా పెంచి, దాని మీద నూటికి నూరు సోలేషియం, అంటే బలవంతంగా తీసుకున్నందుకు అదనపు పరిహారం, ఇస్తారన్నది నిజమే. కానీ ఆ మార్కెట్ విలువ తీసేది రిజిస్ట్రేషన్ కాగితాల్లోంచి, అక్కడ మనవాళ్లు ఎంత రాయిస్తారో మీకూ తెలుసు. ఇక నోటిమాట మీద కౌలు చేసేవాడి చేతికి ఏమొస్తుంది?

అసలు గొడవ డబ్బు కూడా కాదు, నీళ్లు. మా దగ్గర నేల సముద్రం వైపు వాలు, చాలా కొంచెం వాలు. వాన నీరు పొలం మీదుగా మురుగు కాలువల్లోకి దిగి మెల్లగా పోతుంది. దానికి అడ్డంగా ఆరడుగుల కట్ట పోసి పైన రోడ్డు వేస్తే అది రోడ్డు కాదు, ఆనకట్ట. 2023 డిసెంబరు 5న మిచాంగ్ తుపాను బాపట్ల దగ్గరే తీరం దాటింది కదా, అప్పుడు మా చేలో కోసిన పనలు నీళ్లలో తేలాయి. ఉన్న రోడ్డు కింద తూము ఒకటుంది, మనిషి వంగి దూరేంత. దానికి సగం దాకా పూడిక, ఆ పైన కొబ్బరి మట్ట అడ్డం పడింది. నేను, మా పక్క చేను ఆయన గడ్డపలుగుతో మట్ట లాగితే గుడగుడమని నీళ్లు కదిలాయి, రెండు రోజుల్లో మడి గట్లు బయటపడ్డాయి. ఒక్క తూముకే ఇంత ఉంటే నాలుగు కిలోమీటర్ల కట్టకి ఎన్ని తూములు కావాలి? పైగా మాది నల్లరేగడి, తడిస్తే ఉబ్బి ఎండితే పగిలే నేల. అడుగున గ్రావెల్ సరిగ్గా వేయకపోతే మూడో వానకే మీ నాలుగు లైన్లు అలల్లా లేస్తాయి.

రోజూబాపట్ల
అన్నా, తూము సంగతి నేను ఆలోచించలేదు, ఒప్పుకుంటున్నా. అయినా లారీలు ఊళ్లోంచి పోవడం ఇక కుదరదు. బడి పిల్లలు సైకిళ్ల మీద లారీ టైర్ పక్కన పోతుంటే రోజూ చూస్తున్నా. మరి మీరు ఏమంటారు, అసలు వద్దంటారా?

మాగాణి_మనిషి
వద్దనలేదు తమ్ముడూ. చేబ్రోలుకి, పొన్నూరుకి బైపాస్ వేసుకోండి, మిగతా చోట ఉన్నదాన్నే పది మీటర్లు చేస్తే చాలు. కాకపోతే అలైన్‌మెంట్, అదే రోడ్డు ఎటు పోవాలన్న గీత, గీసేవాడు వేసవిలో కాకుండా నవంబర్లో వచ్చి నీళ్లు ఎటు పోతున్నాయో చూసి గీయాలి.

సెంటర్_టిఫిన్
అంటే మా కొట్టుకి మూడినట్టే.

పాతదారి
బైపాస్ మలుపు దగ్గర ఊరివాళ్లకే స్థలం ఇవ్వమని ఇప్పుడే అడగండి. రోడ్డు పడ్డాక అడిగితే అక్కడ అప్పటికే దాబా ఉంటుంది.

సెంటర్_టిఫిన్
అడగాల్సింది ఎవర్నో చెప్పండి ముందు. గీత గీసినోడే మళ్లీ కనపడలేదంటే.

రోజూబాపట్ల
మాగాణి అన్నా, ఆదివారం పొద్దున బీచ్ జనం బయల్దేరకముందే పొన్నూరు వస్తా. ఆ తూము చూపించు, ఫొటోలు తీసి ఇక్కడ పెడతా.

మాగాణి_మనిషి
రా. చెప్పులు కాదు, పాత బూట్లు వేసుకో.