ప్లేస్కూల్ స్టాఫ్ ఫైళ్లు: టీచర్ల సర్టిఫికెట్లు, ఆయాల రికార్డులు ఎలా సరిచూసుకోవాలి?

బైపాస్ రోడ్ అడ్మిన్, తిరుపతి

అందరికీ నమస్కారం. ఎయిర్ బైపాస్ రోడ్డు దగ్గర ఒక ప్లేస్కూల్‌లో ఆఫీసు పని చూస్తాను. పొద్దున ప్లేస్కూల్, మధ్యాహ్నం నుంచి సాయంత్రం ఆరు దాకా పనికెళ్లే తల్లుల పిల్లలను చూసుకునే క్రెష్. ఏడాదిన్నర పాప మొదలుకొని ఐదేళ్ల పిల్లల దాకా మా దగ్గర ఉంటారు. తల్లుల్లో ఎక్కువమంది ఆసుపత్రుల్లో నర్సులు, బట్టల షాపుల్లో పనిచేసేవాళ్లు. ఇప్పుడు అనుమతి కోసం ఫైలు పెడుతున్నాం. బిల్డింగ్, ఫైర్ కాగితాలు మా మేడం చూసుకుంటున్నారు, స్టాఫ్ ఫైళ్లు నాకు అప్పజెప్పారు. కవర్లు తెరిచి చూస్తే ఒక్కొక్కరిది ఒక్కో కథ.

మొదట మా నర్సరీ టీచర్ గారి ఎన్‌టీటీ (నర్సరీ టీచర్ ట్రైనింగ్) డిప్లొమా. డిగ్రీ ఎస్వీ యూనివర్సిటీలో చేశారు కాబట్టి దాని గురించి నాకు బెంగ లేదు. డిప్లొమా మాత్రం వేరే రాష్ట్రంలోని ఒక ఇన్‌స్టిట్యూట్ ఇచ్చింది. ఆవిడ ఆ ఊరు ఎప్పుడూ వెళ్లలేదట. ఇక్కడే ఒక సెంటర్‌లో ఫీజు కట్టి, పుస్తకాలు తెచ్చుకుని, పరీక్ష రాశారట. చూడటానికి సర్టిఫికెట్ చాలా ఘనంగా ఉంది. దళసరి కాగితం, బంగారు రంగు సీలు, మెరిసే హోలోగ్రామ్, కింద చిన్న అక్షరాల్లో 'గవర్నమెంట్ రిజిస్టర్డ్', పక్కన ఐఎస్‌ఓ గుర్తు. క్యూఆర్ కోడ్ స్కాన్ చేస్తే ఆవిడ పేరు, ఫొటో వచ్చాయి. ఇది సరిపోతుందా? ఎంత ఏడ్చే పిల్లాడైనా ఆవిడ చంకెక్కితే ఊరుకుంటాడు. అలాంటి మనిషిని ఇవన్నీ అడగాలంటే మొహమాటంగా ఉంది.

ఇంకో టీచర్ గారికి టెన్త్ మెమోలో పుట్టింటి ఇంటిపేరు, ఆధార్‌లో అత్తింటి ఇంటిపేరు. స్టడీ సర్టిఫికెట్‌లో చిత్తూరు జిల్లా, ఆధార్‌లో తిరుపతి జిల్లా. పైగా ఆవిడకు ఎక్స్‌పీరియన్స్ లెటర్ ఇచ్చిన స్కూలు మూతపడి చాలా కాలమైంది.

నాకు అన్నిటికన్నా ముఖ్యం అనిపించేది ఆయాల సంగతి. వాళ్ల ఫైళ్లలో ఆధార్ జిరాక్స్ తప్ప ఇంకేం లేదు. ఒకావిడతో పోలీస్ వెరిఫికేషన్ చేయించాలి అంటే, "నేనేం తప్పు చేశానమ్మా" అని కళ్లనీళ్లు పెట్టుకుంది. కానీ పిల్లలను బాత్రూమ్‌కు తీసుకెళ్లేది, బట్టలు మార్చేది, నిద్రపుచ్చేది వాళ్లే కదా. ఇంటికెళ్లి ఏం జరిగిందో చెప్పలేని వయసు పిల్లలు. ఇన్‌స్పెక్షన్ గట్టెక్కడం కోసం మాత్రమే అడగడం లేదు. ఫైల్లో రాసి ఉన్నది నిజమై ఉండాలని నా తాపత్రయం. అనుభవమున్నవాళ్లు దయచేసి చెప్పండి.

కార్వేటినగరం డైట్ బ్యాచ్

మేడం, నేను కార్వేటినగరం డైట్‌లో (ప్రభుత్వ టీచర్ ట్రైనింగ్ సంస్థ) ట్రైనింగ్ చేసి, తర్వాత చాలా ఏళ్లు ఒక విద్యాసంస్థల ఆఫీసులో సర్టిఫికెట్ల పరిశీలనే చూశాను. డిప్లొమా సంగతి ముందు చెబుతాను. ఎక్కువమంది బోల్తా పడేది అక్కడే.

రిజిస్ట్రేషన్ వేరు, గుర్తింపు వేరు. సొసైటీ అనో ట్రస్ట్ అనో ఎవరైనా రిజిస్టర్ చేయించుకోవచ్చు. దాంతో కోర్సుకు విలువ రాదు. టీచర్ ట్రైనింగ్ కోర్సులకు గుర్తింపు ఇచ్చేది ఎన్‌సీటీఈ, అంటే జాతీయ ఉపాధ్యాయ విద్యా మండలి. 1993 చట్టం ప్రకారం ఏర్పడి 1995 నుంచి పనిచేస్తోంది, ప్రీస్కూల్ టీచర్ల శిక్షణ కూడా దాని పరిధిలోదే. 2014 నిబంధనల్లో ప్రీస్కూల్‌కు పెట్టిన డిప్లొమా డీపీఎస్‌ఈ (డిప్లొమా ఇన్ ప్రీస్కూల్ ఎడ్యుకేషన్). రెండేళ్ల కోర్సు, ఇంటర్‌లో 50 శాతం మార్కులతో చేరాలి. గుర్తింపు ఉన్న సంస్థల పేర్లు ఎన్‌సీటీఈ వెబ్‌సైట్‌లో దొరుకుతాయి. సంస్థ పేరు కనబడగానే ఆగిపోకండి. ఏ కోర్సుకు, ఏ సంవత్సరం నుంచి అన్నది చూడండి. బీఈడీకి గుర్తింపు ఉన్న కాలేజీ వేరే డిప్లొమా ఇస్తే, ఆ గుర్తింపు ఈ డిప్లొమాకు రాదు.

క్యూఆర్ కోడ్ ఎవరైనా ముద్రించుకోవచ్చు. స్కాన్ చేశాక పేరు, ఫొటో వచ్చాయని సంతోషపడే ముందు పైన వెబ్‌సైట్ అడ్రస్ ఏముందో చదవండి. సర్టిఫికెట్ అమ్మినవాళ్ల సొంత సైట్ అయితే, వాళ్ల మాటకు వాళ్లే సాక్ష్యం చెప్పినట్టు.

ఇక డిగ్రీ గురించి బెంగ లేదన్నారు. అక్కడ మీతో నేను ఏకీభవించను. ఎస్వీ యూనివర్సిటీ 1954 నుంచి ఉంది, దాని పేరు చెబితే ఎవరూ మారు మాట్లాడరు. దొంగ సర్టిఫికెట్ చేసేవాడికి కావలసింది కూడా అలాంటి పేరే. ఊరూ పేరూ లేని సంస్థ పేరుతో ఎవరు చేస్తారు? అందుకని ఏ యూనివర్సిటీ డిగ్రీ అయినా పరీక్షల విభాగానికి జిరాక్స్ జతచేసి, వాళ్లు అడిగే ఫీజు కట్టి, ఇది అసలుదేనా అని రాయండి. జవాబు నేరుగా మీ స్కూలు అడ్రస్‌కో మెయిల్‌కో రావాలి. టీచర్ చేతికిచ్చి పంపితే దానికి విలువ లేదు. రాయాల్సిన అడ్రస్, ఫోన్ నంబర్ కూడా యూనివర్సిటీ సైట్‌లోంచి తీసుకోండి, సర్టిఫికెట్ మీద అచ్చయినవి వద్దు. ప్రభుత్వ యాప్ డిజిలాకర్‌లో దొరికితే ఇంకా సులువు. వాట్సాప్‌లో వచ్చిన పీడీఎఫ్ మాత్రం తీసుకోవద్దు. ఆవిడ ఫోన్‌లో ఆవిడే మీ ఎదుట తెరిచి చూపించాలి.

ఇంకొక పని చేయండి. ఒక్కో మనిషి కాగితాలన్నీ తేదీల వరుసలో టేబుల్ మీద పరిచి చూడండి. రెగ్యులర్ డిగ్రీ తిరుపతిలో చదివిన మూడేళ్లలోనే మదనపల్లెలో ఫుల్‌టైమ్ టీచర్‌గా చేసినట్టు లెటర్ ఉంటే, రెండింటిలో ఒకటి తప్పు. ఇలాంటివి సీలు చూస్తే దొరకవు, తేదీలు చూస్తే దొరుకుతాయి.

మీ నర్సరీ టీచర్ గారి డిప్లొమాకు గుర్తింపు లేదని తేలితే ఆవిడను పంపేయమని నేను చెప్పను. ఆవిడ మోసం చేయలేదు, మోసపోయి ఉండొచ్చు. అర్హత అనే గడిలో డిగ్రీ మాత్రమే రాసి, డిప్లొమాను 'ప్రైవేటు శిక్షణ' అని విడిగా చూపించండి. ఉన్నదున్నట్టు రాసిన ఫైలుకు ఏ ఆఫీసరు అడిగినా తడుముకోకుండా జవాబు చెప్పొచ్చు.

గ్రీమ్స్‌పేట ప్లేస్కూల్, చిత్తూరు

చెల్లీ, ఇంటిపేరు తేడాకు భయపడొద్దు, పెళ్లయిన టీచర్లలో చాలామందికి ఇదే గొడవ. మ్యారేజ్ సర్టిఫికెట్ కాపీ, రెండు పేర్లూ ఒకరివేనని నోటరీ అఫిడవిట్ ఫైల్లో పెట్టు. పుట్టిన తేదీ, తండ్రి పేరు అన్ని కాగితాల్లో ఒకటిగా ఉన్నాయా అన్నది చూసుకో, అసలు ముడి అక్కడుంటుంది.

జిల్లా సంగతి అంటావా, తిరుపతి జిల్లా ఏర్పడిందే 2022 ఏప్రిల్ 4న. అంతకుముందు కాగితాల్లో చిత్తూరు అని ఉండటమే సరి. 2015 తేదీ వేసిన ఎక్స్‌పీరియన్స్ లెటర్ మీద 'తిరుపతి జిల్లా' అని కనబడితే అప్పుడు అనుమానించాలి. మా దగ్గరికి అలాంటి లెటర్ ఒకటి వచ్చింది. సంతకం, స్టాంపు అన్నీ పద్ధతిగా ఉన్నాయి, లెటర్‌హెడ్ మాత్రం కొత్తది.

మూతపడిన స్కూలుకు పీఎఫ్ ఉండి ఉంటే ఆ టీచర్ యూఏఎన్ (పీఎఫ్ సభ్యుల నంబరు) లాగిన్‌లో సర్వీస్ హిస్టరీ చూపించమని అడుగు. ఎప్పుడు చేరింది, ఎప్పుడు మానేసింది అందులో ఉంటుంది. పీఎఫ్ తప్పనిసరి అయ్యేది 20 మంది స్టాఫ్ ఉన్నచోట కాబట్టి చిన్న స్కూళ్లకు ఇది కుదరదు. అప్పుడు జీతం పడిన బ్యాంకు స్టేట్‌మెంట్ అడగొచ్చు. అదీ లేకపోతే ఆ అనుభవాన్ని లెక్కలోకి తీసుకోకు, పోయేదేం లేదు.

నువ్వు అడగని విషయం ఒకటి చెప్పాలి. జాతీయ బాలల హక్కుల కమిషన్ ప్రైవేటు ప్లేస్కూళ్లకు ఇచ్చిన మార్గదర్శకాలు మూడు నుంచి ఆరేళ్ల పిల్లలకు. మూడేళ్లు నిండనివాళ్లను ప్లేస్కూల్లో చేర్చుకోకూడదు. 20 మందికి ఒక టీచర్, ఒక ఆయా ఉండాలి. మీ ఏడాదిన్నర పాప ప్లేస్కూల్ లెక్కలోకి రాదు, క్రెష్ లెక్కలోకి వస్తుంది. ఉద్యోగినుల పిల్లల క్రెష్‌ల కోసం కేంద్రం 2018లో ఇచ్చిన మార్గదర్శకాల్లో మూడేళ్లలోపు పిల్లలకు పది మందికి ఒక వర్కర్ అని ఉంది. కాబట్టి స్టాఫ్ లిస్టు రెండుగా రాసుకో. ఎవరు పొద్దున, ఎవరు మధ్యాహ్నం, ఏ వయసు పిల్లల దగ్గర అన్నది టైముతో సహా ఉండాలి. ఒకే ఆయాను రెండు గదుల్లో ఒకే సమయానికి చూపిస్తే అటెండెన్స్ రిజిస్టర్ పక్కన పెట్టగానే బయటపడుతుంది. జీతాలు బ్యాంకులో వెయ్యమని మీ మేడంకు చెప్పు. లిస్టులో పేరు, రిజిస్టర్లో సంతకం, బ్యాంకులో జీతం మూడూ కలిస్తేనే ఆ మనిషి నిజంగా పనిచేస్తున్నట్టు.

పేరు రాయని టీచర్

బైపాస్ రోడ్ అక్కా, నాదొక మనవి. నేను ముందు చేసిన స్కూల్లో చేరిన రోజే ఒరిజినల్స్ తీసుకుని బీరువాలో పెట్టుకున్నారు. మానేశాక తిరిగి ఇవ్వడానికి నెలల తరబడి తిప్పారు. నేను మానేశాక కూడా వాళ్ల స్టాఫ్ లిస్టులో నా పేరు, నా బీఈడీ నంబరు ఉన్నాయని తర్వాత అక్కడి ఒక టీచర్ చెప్పింది. నా స్థానంలో క్లాసులో ఉన్నది ఇంటర్ చదివిన అమ్మాయి. జీతం ఆ అమ్మాయికి తక్కువ, అర్హత కాగితాల మీద నాది. పిల్లల తల్లిదండ్రులకు ఇదేమీ తెలియదు. ఆ పిల్లల గురించి ఆలోచిస్తే ఇప్పటికీ నాకు నిద్ర పట్టదు.

అందుకని మీరు ఒరిజినల్స్ చూసి, జిరాక్స్‌తో పోల్చి, అదే రోజు తిరిగి ఇచ్చేయండి. జిరాక్స్ మీద 'ఒరిజినల్‌తో సరిచూశాను' అని రాసి, తేదీ వేసి, మీరూ టీచరూ సంతకం పెట్టండి. ఏ స్కూలు కోసం ఇచ్చారో అడ్డంగా రాయించండి, ఇంకెక్కడా వాడటానికి వీలుండదు. ఎవరైనా మానేస్తే రిలీవింగ్ తేదీ ఫైలు మొదటి పేజీలోనే రాయండి. ఆధార్ అయితే నంబరులో చివరి నాలుగు అంకెలు మాత్రమే కనబడే మాస్క్‌డ్ కాపీ చాలు.

ఎమ్మార్‌పల్లి అడ్వకేట్

ఆయాల విషయంలో మీరు సరిగ్గానే ఆలోచిస్తున్నారు. పిల్లలపై లైంగిక నేరాలను అడ్డుకునే పోక్సో చట్టం కింద 2020లో వచ్చిన నిబంధనల్లో ఇది స్పష్టంగా ఉంది. స్కూళ్లు, క్రెష్‌లు, పిల్లలు రోజూ వచ్చే ఏ సంస్థ అయినా టీచింగ్, నాన్-టీచింగ్, రెగ్యులర్, కాంట్రాక్ట్ అన్న తేడా లేకుండా ప్రతి ఉద్యోగికీ పోలీస్ వెరిఫికేషన్ చేయించాలి. అదీ ఒక్కసారి చేయించి వదిలేయడం కుదరదు, నిర్ణీత కాలానికోసారి మళ్లీ చేయించాలి. పిల్లల భద్రత మీద వాళ్లకు శిక్షణ కూడా ఇప్పించాలి. లైంగిక నేరస్తుల జాతీయ డేటాబేస్ 2018లో వచ్చింది, కానీ దాన్ని చూసే అధికారం పోలీసులు, దర్యాప్తు సంస్థలకే ఉంది. మనబోటివాళ్లం చూడలేం. అందువల్ల పోలీసుల ద్వారా వెళ్లడం తప్ప వేరే దారి లేదు.

ఆ ఆయా భయం పోవాలంటే మొదటి అప్లికేషన్ మీ మేడంది పెట్టించండి. తర్వాత మీది, తర్వాత టీచర్లది. అందరి ఫారాలూ ఒకే కట్టలో వెళ్తే తనను ఒక్కదాన్నే అనుమానించారని ఆవిడ అనుకోదు. స్టేషన్‌కు పిలిస్తే ఒంటరిగా పంపకండి, మీరో మీ మేడమో తోడు వెళ్లండి. అక్నాలెడ్జ్‌మెంట్ కాపీ ఫైల్లో పెట్టి, రిపోర్టు రాగానే తేదీ రాయండి. రిపోర్టు వచ్చేదాకా కొత్తవాళ్లను పిల్లల దగ్గర ఒంటరిగా ఉంచకండి.

బైపాస్ రోడ్ అడ్మిన్, తిరుపతి

అందరికీ చాలా థాంక్స్. మేడంతో మాట్లాడాను, తన ఫారం ముందు పెట్టడానికి ఒప్పుకున్నారు. ఆ ఆయాకు ఈ మాట చెప్పగానే "మేడం కూడా ఇస్తారా, అయితే సరే" అని వేలిముద్ర వేసింది. నర్సరీ టీచర్ గారి ఇన్‌స్టిట్యూట్ పేరు ఎన్‌సీటీఈ జాబితాలో లేదు. ఆవిడకు పక్కన కూర్చోబెట్టుకుని చెప్పాను. బాధపడ్డారు, కానీ కార్వేటినగరం సార్ చెప్పినట్టు విడిగా రాయడానికి అభ్యంతరం లేదన్నారు. ఎస్వీ యూనివర్సిటీకి లెటర్ తయారుచేస్తున్నాను. స్టాఫ్ లిస్టు రెండుగా రాస్తుంటే మధ్యాహ్నం క్రెష్‌లో ఒక ఆయా తక్కువవుతున్నారని తేలింది, మేడం కొత్తావిడ కోసం చూస్తున్నారు.

ఒక్కటే సందేహం మిగిలింది. మా వ్యాన్ డ్రైవర్ మా ఉద్యోగి కాడు, వ్యాన్ ఓనర్ పెట్టిన మనిషి. అతనికి కూడా ఫైలు ఉండాలా?

ఎమ్మార్‌పల్లి అడ్వకేట్

ఉండాలి. పిల్లలను రోజూ తీసుకెళ్లేది అతనే, కాంట్రాక్ట్ మనిషి అన్నంత మాత్రాన మినహాయింపు లేదు. డ్రైవింగ్ లైసెన్స్, పోలీస్ వెరిఫికేషన్ రెండూ పెట్టండి. అతను సెలవు పెట్టినప్పుడు బదులుగా ఎవరొస్తారో వ్యాన్ ఓనర్‌ను ముందే రాతపూర్వకంగా అడిగి, ఆ బదులు మనిషికి కూడా ఫైలు తెరవండి.