బోర్డర్‌లైన్ పర్సనాలిటీ: మాటిమాటికీ అడ్మిట్ అయ్యే పేషెంటుకు వార్డులో ప్లాన్ ఎలా వేయాలి?

ప్రశ్న: సైకియాట్రీ పీజీ, రెండో ఏడాది

జనరల్ ఆసుపత్రి వార్డుల్లో తరచూ ఎదురయ్యే పరిస్థితి గురించి అడుగుతున్నాను. ఇరవై దాటిన అమ్మాయి. కాబోయే భర్త ఫోన్ ఎత్తకపోతే చెయ్యి కోసుకుంటుంది. క్యాజువాల్టీలో కుట్లు వేసి మాకు పంపుతారు. నాలుగు రోజులు బాగుంటుంది, డిశ్చార్జ్ అనగానే మళ్లీ మొదలు. చీటీలో ఐదు మందులు: ఫ్లూఆక్సెటిన్ 40 మి.గ్రా., క్వెటియాపిన్ 300, వాల్ప్రోయేట్ 1000, లామోట్రిజిన్ 100, క్లోనజెపామ్ 2. ఒక చీటీలో బైపోలార్ (మూడ్ రోజుల తరబడి ఎక్కి దిగే జబ్బు) అని, ఇంకో దాంట్లో బోర్డర్‌లైన్ (ఉద్వేగాలు, సంబంధాలు నిలకడగా ఉండని పర్సనాలిటీ డిజార్డర్) అని ఉంటుంది. స్టాఫ్‌లో సగం మంది పాపం అంటారు, సగం మంది నాటకం అంటారు. ఇలాంటి పేషెంటును ఎన్ని రోజులు ఉంచాలి? మందులు ఎక్కడినుంచి తగ్గించాలి? డీబీటీ (డయలెక్టికల్ బిహేవియర్ థెరపీ, బోర్డర్‌లైన్‌కు చేసే మాటల చికిత్స) నేర్చినవాళ్లు లేనిచోట పీజీ ఏం చేయగలడు?

జవాబు: సైకియాట్రిస్టు

ముందు డయాగ్నసిస్ తేల్చండి. బైపోలార్ అనాలంటే మూడ్ బాగా ఎక్కిన దశ ఉండాలి: తేలికదైన హైపోమానియాకు కనీసం 4 రోజులు, తీవ్రమైన మానియాకు వారం రోజులు ఒకే ఊపు ఉండాలి. నిద్ర లేకపోయినా అలసట రాదు. మీరు రాసిన తీరులో మూడ్ గంటల్లో మారుతోంది, దాదాపు ప్రతిసారీ దాని వెనక ఒక మనిషితో గొడవో, దూరమో ఉంది, అది బోర్డర్‌లైన్ తీరు. అయితే రెండూ కలిసి ఉండొచ్చు కాబట్టి తల్లినో అక్కనో పక్కన కూర్చోబెట్టుకుని పాత ఎపిసోడ్లు తేదీలవారీగా అడగండి. 2022 నుంచి అమల్లో ఉన్న ఐసీడీ-11 (ప్రపంచ ఆరోగ్య సంస్థ జబ్బుల వర్గీకరణ)లో పర్సనాలిటీ డిజార్డర్‌ను ముందు తీవ్రతను బట్టి మైల్డ్, మోడరేట్, సివియర్ అని చూస్తాం. బోర్డర్‌లైన్ ప్యాటర్న్ దానికి జోడించే వివరం. తనకో, ఇతరులకో తరచూ హాని జరుగుతూ, బతుకులో అన్ని వైపులా సంబంధాలు దెబ్బతింటే అది సివియర్.

ఇక మందులు. బోర్డర్‌లైన్‌కని ప్రత్యేకంగా ఆమోదం పొందిన మందు ఏదీ లేదు. లామోట్రిజిన్ మీద బ్రిటన్‌లో 276 మందితో ఏడాది పాటు చేసిన ట్రయల్ 2018లో వచ్చింది, డమ్మీ మాత్రకూ దానికీ తేడా కనబడలేదు. ఐదు మందులు ఎలా పోగయ్యాయో ఊహించడం కష్టం కాదు: వచ్చినప్పుడల్లా ఎవరో ఒకటి కలిపారు, ఎవరూ తీయలేదు.

బైపోలార్, ఫిట్స్ రెండూ లేవని తేలితే వాల్ప్రోయేట్ ముందు తీయండి. పెళ్లి కాబోతున్న అమ్మాయి, గర్భం వస్తే బిడ్డకు పుట్టుకతో లోపాలు వచ్చే ప్రమాదం బాగా ఎక్కువ. పైగా అది రక్తంలో లామోట్రిజిన్ స్థాయిని దాదాపు రెట్టింపు చేస్తుంది, ఒంటిమీద ప్రమాదకరమైన దద్దుర్లకు అదే దారి. తర్వాత క్లోనజెపామ్, రెండు వారాలకు 0.25 మి.గ్రా. చొప్పున. హఠాత్తుగా ఆపితే ఫిట్స్ రావచ్చు. అలాగని కొనసాగిస్తే కొందరిలో అదుపు ఇంకా సడలుతుంది, థెరపీలో నేర్చుకున్నది నిలవదు. ఒకసారికి ఒక్క మందే కదపండి, లేకపోతే ఏది తీస్తే ఏమైందో తెలియదు. డిప్రెషన్ నిజంగా ఉంటే ఫ్లూఆక్సెటిన్ ఉంచండి. ఎక్కువ మింగితే ప్రాణం మీదకు వచ్చే మందులు అసలు రాయొద్దు, మిగతావి కూడా ఒక్క వారానికే ఇవ్వండి.

ఒత్తిడి తట్టుకోలేని రాత్రి నిద్రకు ఏదైనా ఇవ్వాల్సి వస్తే, ఎన్నాళ్లకో అదే రోజు కేస్ షీట్‌లో రాయండి. వారం దాటకూడదు.

జవాబు: సైకియాట్రిక్ నర్సు

డాక్టర్ గారూ, స్టాఫ్ రెండు ముక్కలవడం ఈ జబ్బుతో దాదాపు ప్రతి వార్డులోనూ జరుగుతుంది. పేషెంటు ఒకరితో “మీరొక్కరే నన్ను అర్థం చేసుకున్నారు సిస్టర్, నైట్ డ్యూటీ ఆవిడ మనిషే కాదు” అంటుంది. ఆ మాటకు పొంగిపోయినా, ఆ నైట్ సిస్టర్‌ను తప్పుపట్టినా వార్డు చీలినట్టే. “రేపు రౌండ్స్‌లో ఆ సిస్టర్ ఉండగానే ఇది మాట్లాడుకుందాం” అంటే చాలు. అడ్మిషన్ రోజే ఒక పేజీ ప్లాన్ రాసి, మూడు షిఫ్టులూ సంతకం పెట్టాలి. ఫోన్ ఎప్పుడు, బయటికి ఎప్పుడు, కోసుకుంటే ఎవరు ఏం చేస్తారు, అన్నీ అందులో ఉండాలి. ఒకరు వద్దన్నది ఇంకొకరు ఇస్తే ఆ పేజీకి విలువ లేదు.

వార్డులోనే కోసుకుంటే: గాయం చూడండి, శుభ్రం చేసి కట్టు కట్టండి. తిట్టొద్దు, గుంపుగా మూగొద్దు. కుట్లు అవసరమైతే అందరికీ ఇచ్చినట్టే మత్తు సూది ఇవ్వాలి. “కోసుకున్నప్పుడు లేని నొప్పి ఇప్పుడెందుకు?” అని మత్తు లేకుండా కుట్టడం కొన్నిచోట్ల ఇంకా ఉంది. అది శిక్ష, వైద్యం కాదు.

ఇంకో ముఖ్యమైన సంగతి. ప్రతి షిఫ్టులో ఒక నర్సు చెప్పిన టైముకు వెళ్లి 15 నిమిషాలు కూర్చోవాలి, ఆ రోజు కోసుకున్నా కోసుకోకపోయినా. గాయమైతేనే మనుషులు దగ్గరికొస్తారని వార్డే నేర్పితే, ఆ పాఠం ఇంటికి కూడా వెళ్తుంది.

జవాబు: క్లినికల్ సైకాలజిస్టు

పూర్తి డీబీటీ అంటే వారానికో వ్యక్తిగత సెషన్, వారానికో స్కిల్స్ గ్రూపు, మధ్యలో ఫోన్ సాయం, థెరపిస్టుల సొంత టీమ్ మీటింగ్, ఇలా ఏడాది. అవన్నీ లేకపోయినా వారంలో ఒకే రోజు, ఒకే గంటకు 45 నిమిషాలు ఆరు నెలలు ఇవ్వగలిగితే అదే పెద్ద సాయం. రెండు మూడు సెషన్లు చేసి వదిలేయడం కన్నా మొదలుపెట్టకపోవడమే నయం.

ప్రతి ఘటననూ గొలుసులా విప్పండి. “బాధ కలిగి కోసుకున్నాను” దగ్గర ఆగొద్దు. ఉదాహరణకు: ముందు రాత్రి నిద్ర లేదు, పొద్దున్నుంచి తిండి లేదు, ఏడింటికి ఫోన్ చేస్తే ఎత్తలేదు, “ఇంక నన్ను వదిలేసినట్టే” అనే ఆలోచన, గుండె దడ, పదకొండు సార్లు ఫోన్, అతను బ్లాక్ చేయడం, గది తలుపు గడియ, కోత, ఊరట, తర్వాత అతను పరుగున రావడం. ఇందులో తిండి దగ్గర ఒక లంకె తెంచొచ్చు, మూడో ఫోన్ కాల్ దగ్గర ఇంకొకటి. ఉద్వేగం నెత్తికెక్కినప్పుడు తర్కం పనిచేయదు. ఊపిరి బిగబట్టి చల్లని నీళ్లలో అర నిమిషం ముఖం ముంచితే గుండె వేగం తగ్గుతుంది. గుండె జబ్బు, ఈటింగ్ డిజార్డర్ ఉన్నవాళ్లకు మాత్రం ఇది చెప్పొద్దు.

పీజీలు తరచూ మరిచేది ఒకటి: మీ పోస్టింగ్ మారుతోందని కనీసం నాలుగు వారాల ముందు చెప్పండి. చివరి రోజు చెబితే ఆమె లెక్కలో అది ఇంకొకరు వదిలేసి వెళ్లడమే.

ఇంకా, ఈ జబ్బు నయం కాదని ఆమెకు ఎవరో చెప్పే ఉంటారు. అమెరికాలో 290 మందిని ఏళ్ల తరబడి గమనించిన మెక్‌లీన్ అధ్యయనంలో పదేళ్లకు 93 శాతం మందిలో లక్షణాలు కనీసం రెండేళ్లపాటు తగ్గి ఉన్నాయి. ఉద్యోగం, సంబంధాలతో సహా కోలుకున్నవాళ్లు మాత్రం సగమే. రెండు సంఖ్యలూ చెప్పండి.

జవాబు: సైకియాట్రిక్ సోషల్ వర్కర్

ఇంట్లోవాళ్లను ఒక్కసారైనా విడిగా కూర్చోబెట్టండి. “పెళ్లి చేస్తే కుదురుకుంటుంది” అన్న మాట తప్పకుండా వస్తుంది. పెళ్లి వైద్యం కాదని, తేదీ తొందరపడొద్దని స్పష్టంగా చెప్పాలి. మాత్రలు తల్లి దగ్గర తాళంలో ఉండాలి. పొలం ఉన్న ఇల్లయితే పురుగుల మందు, గడ్డి మందు ఇంట్లో ఉంచనే కూడదు. సేఫ్టీ ప్లాన్ ఆమె చేతిరాతతో, ఆమె మాటల్లో రాయించండి: తనకు తెలిసే ముందస్తు గుర్తులు, ఒంటరిగా చేయగలిగేవి, మనసు మళ్లించే మనుషులు, చోట్లు, సాయం అడగగల ఇద్దరు, వార్డు నంబరు, ప్రభుత్వ మానసిక ఆరోగ్య హెల్ప్‌లైన్ టెలీ మానస్ 14416.

కేసు అవుతుందని కొందరు గాయం దాచి ఇంట్లోనే ఉంచేస్తారు. 2017 మానసిక ఆరోగ్య సంరక్షణ చట్టం సెక్షన్ 115 ప్రకారం ఆత్మహత్యకు ప్రయత్నించిన వ్యక్తి తీవ్ర ఒత్తిడిలో ఉన్నట్టే భావించాలి, శిక్షించకూడదు.

ప్రశ్న అడిగినవారు

అందరికీ కృతజ్ఞతలు. ఒక్కటి మిగిలింది. డిశ్చార్జ్ ముందు రాత్రి మళ్లీ కోసుకుంటే డిశ్చార్జ్ ఆపేయాలా? తనే వెళ్తానంటే?

జవాబు: సైకియాట్రిస్టు

అడ్మిషన్ రోజే గడువు, లక్ష్యం చెప్పండి. మామూలు క్రైసిస్‌కు 3 నుంచి 5 రోజులు చాలు. డిశ్చార్జ్ ముందు రాత్రి ఏమనిపిస్తుందో, అప్పుడు ఏం చేస్తుందో కూడా ముందే రాయించండి. కోసుకుంటే అదే రాత్రి కొత్తగా పరీక్షించండి. ఎప్పటి తీరులోనే ఉంటే డిశ్చార్జ్ వాయిదా వేయొద్దు. 48 గంటల్లో ఫోన్, వారంలోపు ఓపీ ఇచ్చి పంపండి. తీరు మారితే, అంటే దాచి ఏర్పాట్లు చేసుకోవడం, అందరికీ వీడ్కోలు చెప్పడం, నిద్ర పూర్తిగా పోవడం, కొత్తగా తీవ్రమైన డిప్రెషన్ కనిపిస్తే, గడువు పక్కన పెట్టి ఉంచండి.

స్వచ్ఛందంగా చేరినవాళ్లు వెళ్తామంటే పంపాలి. ఇటీవల తనకు హాని చేసుకుని ఉంటే అదే 2017 చట్టం సెక్షన్ 88 కింద 24 గంటలు ఆపి, సెక్షన్ 89 అడ్మిషన్ (పేషెంటు తరఫున ఇంకొకరి దరఖాస్తు మీద చేర్చుకోవడం) అవసరమా అని చూడొచ్చు. దానికి నామినేటెడ్ రిప్రజెంటేటివ్ (పేషెంటు తరఫున నిర్ణయాల్లో తోడ్పడే ప్రతినిధి) దరఖాస్తు, ఇద్దరు నిపుణుల విడివిడి పరీక్ష కావాలి, అందులో ఒకరు సైకియాట్రిస్టు. మహిళ అయితే ఈ చట్టం కింద ఉండే మెంటల్ హెల్త్ రివ్యూ బోర్డుకు 3 రోజుల్లో తెలపాలి.