1958 ఫైనల్: 7 గజాల దగ్గర జానీ యునైటస్ పాస్ వేయడం సరైన నిర్ణయమేనా?

గోల్‌గీత:
1958 డిసెంబర్ 28, న్యూయార్క్ యాంకీ స్టేడియం. స్కోరు 17-17. అమెరికన్ ఫుట్‌బాల్‌లో ఎన్ఎఫ్ఎల్ లీగ్ ఫైనల్ అదనపు సమయంలోకి వెళ్లడం అదే మొదటిసారి. ముందు ఎవరు పాయింట్లు తెస్తే వాళ్లదే టైటిల్. యునైటస్ క్వార్టర్‌బ్యాక్‌గా (బంతి అందుకుని పాస్‌లు వేసేవాడు) ఉన్న బాల్టిమోర్ కోల్ట్స్ సొంత 20 గజాల గీత నుంచి ప్రత్యర్థి న్యూయార్క్ జెయింట్స్ 8 గజాల గీత దాకా వచ్చేసింది. మొదటి డౌన్‌లో (డౌన్ అంటే ఒక ప్రయత్నం, నాలుగు దొరుకుతాయి) బంతితో పరుగెత్తే ఆలన్ అమీచీ ఒక్క గజం ముందుకెళ్లాడు. రెండో డౌన్, గోల్ గీతకి ఇంకా 7 గజాలు. ఫీల్డ్ గోల్ (బంతిని గోల్ స్తంభాల మధ్యగా తన్నడం) కొడితే ఆట ముగుస్తుంది. అలాంటి చోట యునైటస్ అంచు వైపు సహచరుడు జిమ్ ముచెల్లర్‌కి పాస్ విసిరాడు. 6 గజాలు వచ్చాయి, మరుసటి డౌన్‌లో అమీచీ టచ్‌డౌన్ (బంతితో గోల్ గీత దాటడం), 23-17. గెలిచారు కాబట్టి దాన్ని గొప్ప ధైర్యం అంటున్నారు. నా లెక్కలో అది అనవసరపు ప్రమాదం.

మూడోడౌన్:
కిక్ ఖాయం అన్నట్టు మాట్లాడుతున్నారు, అక్కడే తేడా వస్తోంది. అప్పట్లో గోల్ స్తంభాలు గోల్ గీత మీదే ఉండేవి. బంతిని 7 గజాలు వెనక పట్టుకుంటారు కాబట్టి అది 14 గజాల కిక్. దూరం చిన్నదే, ఒప్పుకుంటాను. కానీ కొట్టాల్సింది కోల్ట్స్ ఆటగాడు స్టీవ్ మైరా. కిక్ కోసమే పెట్టుకున్న మనిషి కాదు, లైన్‌లో (ముందు వరుసలో) కూడా ఆడేవాడు. అదే మ్యాచ్ మొదటి క్వార్టర్‌లో అతని కిక్‌ని జెయింట్స్ డిఫెండర్ శామ్ హఫ్ అడ్డుకున్నాడు. 7 సెకన్లు ఉండగా 20 గజాల నుంచి స్కోరు సమం చేసిందీ అతనే, నిజమే. అయినా కిక్ అడ్డుపడటానికి దూరంతో పని లేదు. స్నాప్ (బంతిని వెనక్కి అందించడం) కాస్త పక్కకి పోయినా, పట్టేవాడు ఆలస్యం చేసినా, లైన్‌లో ఒకడు లోపలికి దూరినా చాలు.

ఇక పాస్ సంగతి. ఆ సీజన్‌లో యునైటస్ 263 పాస్‌లు వేస్తే ప్రత్యర్థికి చిక్కినవి 7. అంటే సుమారు 38కి ఒకటి. ఈ ఫైనల్లో 40కి ఒకటి.

గోల్‌గీత:
సగటు లెక్క ఇక్కడ పనికిరాదండీ. మైదానం మధ్యలో చిక్కిన పాస్ వేరు, అంచు పాస్ వేరు. అంచున డిఫెండర్ బంతికి ముందుగా అడ్డొస్తే అతని ముందు 90 గజాలు ఖాళీ. కిక్ గురి తప్పితే జెయింట్స్‌కి 20 దగ్గర బంతి వచ్చేది, అంతే. ఆట ఇంకా మిగిలుండేది.

హడిల్‌మాట:
మీరిద్దరూ డిఫెన్స్ ఎలా నిలబడిందో చూడకుండా వాదిస్తున్నారు. కోల్ట్స్ ఆటగాడు రేమండ్ బెర్రీ ఆరోజు 12 పాస్‌లు పట్టి 178 గజాలు తెచ్చాడు. అతన్ని ఆపడానికి హఫ్ వెనక్కి జరిగితే, యునైటస్ సరిగ్గా ఆ ఖాళీలోకే అమీచీని పంపి 23 గజాలు రాబట్టాడు. తర్వాత బెర్రీకి 12 గజాల పాస్. ఇంత దగ్గరికొచ్చాక జెయింట్స్ పరుగు కోసమే మధ్యలో గుమిగూడతారు. మూడో క్వార్టర్ మరిచిపోకండి: కోల్ట్స్‌కి 3 గజాల దగ్గర నాలుగు డౌన్లు దొరికాయి, ఒక్క పాయింటూ రాలేదు. చివరి డౌన్‌లో జెయింట్స్ ఆటగాడు క్లిఫ్ లివింగ్‌స్టన్ అమీచీని 5 గజాల దగ్గర పడగొట్టాడు. అలాంటి లైన్ మీదికి మళ్లీ మళ్లీ పరుగు పెట్టడం భద్రమైన దారి అని ఎలా అంటాం? ఆ రోజుల్లో ఏ ఎత్తు వేయాలో హడిల్‌లో (ప్రతి డౌన్‌కి ముందు జట్టు గుమిగూడినప్పుడు) చెప్పేది క్వార్టర్‌బ్యాకే. ఎదుట ఏం కనబడుతోందో చూసి చెప్పాడు. ముచెల్లర్ దగ్గర ఎవరైనా ఉంటే బంతిని మైదానం బయటికి విసిరేసేవాడినని తర్వాత చెప్పాడు కూడా.

గోల్‌గీత:
సరే, కోణం సంగతి చూడండి. అంచున ఆట ఆగితే బంతిని ఇన్‌బౌండ్స్ గీత మీద పెడతారు. అప్పట్లో అది పక్కగీత నుంచి 20 గజాలు, అంటే మైదానం మధ్య నుంచి 20 అడుగులు పక్కకి. 1 గజం దగ్గర అమీచీని ఆపేసి ఉంటే మైరా 8 గజాల నుంచి బాగా వాలుగా కొట్టాల్సి వచ్చేది. స్తంభాల మధ్య వెడల్పు 18 అడుగుల 6 అంగుళాలే.

మూడోడౌన్:
గీసి చూశాను. ఆ గీత మీద 8 గజాల నుంచి స్తంభాల మధ్య సుమారు 26 డిగ్రీలు కనబడుతుంది. అదే గీత మీద 14 గజాల నుంచి 20 డిగ్రీలే. దగ్గరికెళ్లే కొద్దీ గురి పెరిగింది, తగ్గలేదు. వాలు వల్ల వచ్చే చిక్కు వేరే: ఒక పక్క చివర నుంచి వచ్చే డిఫెండర్ బంతి దారికి దగ్గరవుతాడు. అది మాత్రం మీ వైపు వాదనే.

గోల్‌గీత:
26 డిగ్రీల లెక్క సరిపోయింది. అయినా నేనైతే రెండో డౌన్‌లో అమీచీతో మధ్యలోకి పరుగు పెట్టించి, మూడో డౌన్‌లోనే కిక్‌కి పంపేవాణ్ణి. స్నాప్ చెడితే బంతి మీద పడిపోయి నాలుగో డౌన్‌లో మళ్లీ కొట్టొచ్చు. పాస్ చిక్కితే ఆ రెండో అవకాశం ఉండదు.